మన గాలివాద్య సంఘం 2024–25 వార్షిక నివేదిక

గౌరవ సభ్యులకు నమస్కారం. 2024 ఏప్రిల్ నుంచి 2025 మార్చి వరకు భీమునిపట్నంలో మన బృందం జరిపిన కచేరీల వివరాలను, వాద్యాల స్థితిగతులను, సంక్రాంతి కచేరీలో నిల్వ గాలి వాడటం వల్ల తలెత్తిన వివాదాన్ని కార్యవర్గం తరఫున మీ ముందు ఉంచుతున్నాను. ఆ వివాదానికి కారకుడిని నేనే కనుక, దాని గురించి కాస్త ఎక్కువగా రాయక తప్పదు.

ఈ ఏడాది చేరిన సభ్యుల కోసం ఒక మాట చెప్పాలి. మన బృందంలో వాయించే మనిషి ఎవరూ లేరు. గోస్తని సముద్రంలో కలిసే చోటికి దగ్గరలో ఉన్న తాటితోపులో వాద్యాలను నిలబెట్టడం, శ్రుతి చేయడం వరకే మన పని. వాయించేవి గాలీ వానలే. బిగించిన తీగను దాటి వెళ్ళే గాలి దాని వెనుక ఒకసారి ఈ పక్కకు, ఒకసారి ఆ పక్కకు సుడి తిరుగుతుంది. ఆ సుడుల వేగం తీగకు సహజంగా ఉన్న స్వరాల్లో ఏదో ఒకదానితో కలిసినప్పుడే గాలివీణ పలుకుతుంది. అందుకే గాలి హెచ్చితే పై స్వరం, తగ్గితే కింది స్వరం వినిపిస్తాయి తప్ప మనం కోరిన స్వరం కోరిన క్షణంలో రాదు. పురుగులు తొలిచిన రంధ్రాల్లో గాలి దూరి మోగే వెదురుకు మన పెద్దలు కీచకమని పేరు పెట్టారు. అమరకోశంలోనూ ఉన్న ఆ పేరు వినగానే విరాటపర్వం గుర్తుకు వచ్చి పిల్లలు నవ్వుతున్నారు కనుక, ఇకపై కరపత్రాల్లో 'పాడే వెదురు' అనే వేయాలని నిర్ణయించాం.

వాన వాద్యాల్లో పింగాణీ గిన్నెల వరుస ఈసారి బాగా పలికింది. జలతరంగంలో నీరు పెరిగే కొద్దీ స్వరం దిగుతుంది. వాన కురుస్తున్నంతసేపూ గిన్నెలు నిండుతూనే ఉంటాయి కాబట్టి, ఆరుద్ర కార్తె కచేరీలో మొదలైన రాగం అరగంటలో గుర్తుపట్టలేనంత కిందికి జారిపోయింది. ఇద్దరు కుర్రవాళ్ళను గరిటెలతో కూర్చోబెట్టి, గీత దాటిన నీటిని తోడించిన తరువాత ఆ లోపం చాలా వరకు సర్దుకుంది. ఉప్పుగాలికి తుప్పు పట్టిన ఉక్కు తీగల స్థానంలో నైలాన్ తీగలు వేశాం. నాదం కొంత మెత్తబడిందన్న సంగీతజ్ఞుల ఫిర్యాదు న్యాయమైనదే.

2024 ఆగస్టు 31 అర్ధరాత్రి దాటాక వాయుగుండం కళింగపట్నం దగ్గర తీరం దాటింది. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుఫానుకు తీగలు విప్పకుండా వదిలేసి, కర్రలతో సహా వాద్యాలన్నీ పోగొట్టుకున్న సంగతి పాత సభ్యులకు తెలుసు. ఈసారి ముందురోజు మధ్యాహ్నానికే అన్నీ దించి పెట్టాం. ఆ రాత్రి గాలిని రెండు జాడీలకైనా పట్టి ఉంచితే బాగుండేదని కొందరు అన్నారు. ఆ వానలకే బుడమేరు పొంగి విజయవాడలో కాలనీలు మునిగిపోయాయి. అంతటి గోడు కలిసిన గాలిని కచేరీకి వాడటం తగదని కార్యవర్గం భావించింది. సెప్టెంబరు కచేరీని కూడా రద్దు చేసింది.

ఇక సంక్రాంతి విషయానికి వస్తాను. పగటి ఎండకు సముద్రం కంటే నేల త్వరగా వేడెక్కడం వల్ల మధ్యాహ్నం దాటాక తీరం మీదికి గాలి మళ్ళుతుంది. మన కచేరీలన్నీ ఆ వేళకే పెడతాం. ఆ రోజు చలికాలపు ఎండకు ఆ బలం చాలలేదు. తాటాకు కదలలేదు. ముఖ్య అతిథి రెండోసారి గడియారం చూసుకోగానే నాకు ధైర్యం చాలక, గదిలో వాసెన కట్టి ఉంచిన జాడీల్లోంచి మృగశిర కార్తె గాలిని తెచ్చి గాలివీణ వెనుక మూత విప్పాను. వీణ మునుపెన్నడూ లేనంత చక్కగా పలికిన మాట నిజం. సభ చప్పట్లు కొట్టిన మాటా నిజమే. కాని ఆ గాలి వెంట తొలకరి మట్టివాసన పొలాల వరకు పోయింది. చీమలు గుడ్లు మోసుకుంటూ గట్లెక్కాయి. కళ్ళాల్లో ధాన్యం ఆరబోసుకున్న రైతులు పండగ పూట భోజనాల మధ్యలో లేచి, టార్పాలిన్లు పట్టుకుని పరుగెత్తారు. చుక్క వాన పడలేదు. మరునాడు కార్యవర్గమంతా ఇల్లిల్లూ తిరిగి క్షమాపణ చెప్పుకుంది. ఒక పెద్దాయన మాత్రం ఇప్పటికీ నాతో మాట్లాడటం లేదు.

దీని మీద ఫిబ్రవరిలో జరిగిన సమావేశం, ఒక కార్తెలో పట్టిన గాలిని మరో కార్తెలో విప్పరాదని, గాలి రాని రోజున సభికులకు ఆ మాటే చెప్పి పంపాలని తీర్మానించింది. తీర్మానానికి అనుకూలంగా నేనూ చెయ్యెత్తాను. రోహిణి వడగాలి జాడీలను పిల్లలకు అందని అటక మీదికి మార్చాం.

క్రొయేషియాలోని జాదర్ పట్టణంలో 2005 నుంచి అలల తాకిడికి మోగుతున్న 35 గొట్టాల సముద్ర వాద్యం వంటిది మన ఒడ్డున కట్టాలన్న ప్రతిపాదనను వాయిదా వేశాం; మన దగ్గర గొట్టాల్లో ఇసుక నిండుతుంది. ఎర్రమట్టి దిబ్బల మీద వాద్యాలు నిలపాలన్న కోరికను, అవి రక్షిత స్థలం కనుక, పూర్తిగా విరమించుకున్నాం. జమాఖర్చుల పత్రం సర్వసభ్య సమావేశంలో చదివి వినిపిస్తాం.

ఆవకాయ రోజుల్లో సంఘం జాడీలను ఇళ్ళకు తీసుకువెళ్ళిన సభ్యులు వాటిని మృగశిర కార్తెలోగా శుభ్రంగా కడిగి, ఎండబెట్టి అప్పగించాలి. కిందటేడు కడగకుండా ఇచ్చిన జాడీలో పట్టిన పైరగాలి ఈనాటికీ ఆవఘాటు కొడుతోంది.

ఇట్లు,
కార్యదర్శి