దూరదర్శన్‌లో నాటికను ప్రత్యక్ష ప్రసారం చేయాలి

సంపాదకుల వారికి,

మన రెండు రాష్ట్రాల్లో నాటక పరిషత్తుల పోటీల కోసం ఏటా కొత్త నాటికలు తయారవుతున్నాయి. వాటిని చూసేది మాత్రం ఆ రాత్రి ఆ హాల్లో కూర్చున్నవాళ్లే. దూరదర్శన్ సప్తగిరి, యాదగిరి ఛానెళ్లు నెలకొక నాటికనైనా స్టూడియోలో ఆడించి, ఆడుతుండగానే ప్రసారం చేయాలి. ‘ఈ రోజుల్లో లైవ్ ఎందుకు, రికార్డు చేసి తప్పులు దిద్ది వేయొచ్చుగా’ అనేవాళ్లు అమెరికన్ సినిమా దర్శకుడు సిడ్నీ లూమెట్ ఎలా తయారయ్యాడో చూడాలి.

‘ట్వెల్వ్ యాంగ్రీ మెన్’ దర్శకుడిగా ఆయన మనవాళ్లకు తెలుసు. 1957లో వచ్చిన ఆ సినిమా ఆయనకు మొదటిది. అందులో తొలి సినిమా తడబాటు ఎక్కడా కనిపించదంటే కారణం, అంతకు ముందు ఏళ్ల తరబడి న్యూయార్క్‌లో చేసిన లైవ్ టెలివిజన్. తండ్రి యూదుల భాష యిడ్డిష్‌లో నాటకాలాడే రంగస్థల నటుడు కావడంతో లూమెట్ పసితనంలోనే నాటకాల్లోకి వచ్చాడు, 1935లో న్యూయార్క్‌లోని పెద్ద నాటకశాలల వేదిక బ్రాడ్‌వే ఎక్కాడు. యుద్ధకాలంలో రాడార్లు బాగుచేసే సైనికుడిగా మన దేశంలోనూ బర్మాలోనూ పనిచేశాడు. 1950లో అమెరికా టీవీ సంస్థ సీబీఎస్‌లో సహాయ దర్శకుడిగా చేరాడు. అక్కడ ఆయన పైన ఉన్న దర్శకుడు యూల్ బ్రిన్నర్. అవును, హాలీవుడ్‌లో పేరుమోసిన ఆ గుండు హీరోయే, అప్పటికింకా గుండు కాలేదు! ‘ది కింగ్ అండ్ ఐ’ నాటకంలో వేషానికి బ్రిన్నర్ వెళ్లిపోవడంతో ‘డేంజర్’ అనే అరగంట కార్యక్రమం లూమెట్ చేతికొచ్చింది.

వీడియో టేపు వాడకంలోకి వచ్చింది 1956లో. అంతవరకూ కెమెరా ముందు జరిగింది జరిగినట్టే ఇళ్లకు చేరేది. ఒక సెట్లో సీను ముగించిన నటుడు తెరల వెనక నుంచి పరుగెత్తి, దారిలోనే కోటు మార్చుకుని, పక్క సెట్లో తేలాలి. మాట మరిచిపోతే ఎదుటి నటుడు అందుకోవాలి. దర్శకుడు కంట్రోల్ రూములో కూర్చుని ఏ కెమెరా బొమ్మ వెళ్లాలో అప్పటికప్పుడు తేల్చాలి. ఎడిటింగంటే అదే. వారం తిరిగేసరికి మరో కథ, మరో తారాగణం. నటుడిగా పెరిగినవాడు కాబట్టి రిహార్సల్ విలువ లూమెట్‌కు తెలుసు. తర్వాత సినిమాల్లోనూ షూటింగుకు ముందు రెండు వారాల రిహార్సల్ ఆయన అలవాటుగా ఉండిపోయింది. తొలి సినిమా చిత్రీకరణ మూడు వారాల్లోపే ముగిసిందంటే అదంతా ఈ చలవే. మన సీరియళ్లలో పొద్దున సెట్లో చేతికిచ్చిన డైలాగును మధ్యాహ్నానికి షూట్ చేసేస్తున్నారు. నటులను తప్పుపట్టి ఏం లాభం?

1953లో టీవీలో మొదలైన, లూమెట్ దర్శకత్వం వహించిన ‘యు ఆర్ దేర్’ మరో ముచ్చట. సోక్రటీసు మరణం వంటి ఘట్టాలను వార్తా విలేకరులు అక్కడే నిలబడి చెబుతున్నట్టు చూపించేవారు. దాని స్క్రిప్టులు రాసినవాళ్లలో ముగ్గురు కమ్యూనిస్టు ముద్రతో నిషేధానికి గురైన రచయితలు; పేరు మాత్రం వేరేవాళ్లది పడేది. అమెరికాలోని సేలం ఊళ్లో పూర్వం మంత్రగత్తెలని ముద్రవేసి జనాన్ని శిక్షించిన విచారణను, కమ్యూనిస్టుల వేట సాగుతున్న ఆ రోజుల్లో తెరకెక్కించడానికి గుండె కావాలి.

‘ట్వెల్వ్ యాంగ్రీ మెన్’ కూడా మొదట లైవ్ టీవీ నాటకమే. 1954 సెప్టెంబరు 20న ప్రసారమైంది, దర్శకుడు ఫ్రాంక్లిన్ షాఫ్నర్. అందులోని ఇద్దరు నటులు మూడేళ్ల తర్వాత లూమెట్ సినిమాలోనూ అవే పాత్రలు వేశారు. మానిటర్ మీది బొమ్మను ఫిల్ముపైకి ఎక్కించిన దాని ప్రతి పూర్తిగా దొరికింది మాత్రం 2003లో. హైదరాబాద్ దూరదర్శన్ 1977లో మొదలైంది. తొలి ఏళ్ల నాటకాల టేపుల్లో ఏవి మిగిలాయో ఒక జాబితా ప్రకటిస్తే మేలు.

అమెరికాలో ఆ లైవ్ నాటకాలు యాభైల చివరికల్లా సన్నగిల్లాయి. ప్రకటనదారులు హాలీవుడ్‌లో ఫిల్ముపై తీసే సీరియళ్ల వైపు మళ్లారు. ప్రైవేటు ఛానెళ్లు ఈ పని చేస్తాయని నాకూ ఆశ లేదు. అందుకే ప్రజల డబ్బుతో నడిచే దూరదర్శన్‌ను అడుగుతున్నాను. స్టూడియోలున్నాయి, బహుళ కెమెరాలున్నాయి. ఇటు 1885 నుంచీ రంగస్థలాన్నే ఇల్లు చేసుకున్న సురభి కుటుంబాలున్నాయి. ‘కట్, మళ్లీ తీద్దాం’ అనే వీలు వాళ్లకు ఏనాడూ లేదు. పరిషత్తుల్లో బహుమతి వచ్చిన నాటికలతోనే మొదలుపెట్టవచ్చు. నటులకు, రచయితకు తగిన పారితోషికం ఇవ్వాలి, పది రోజుల రిహార్సల్‌కు స్టూడియో కేటాయించాలి, ప్రసారమైన ప్రతి నాటికకూ ఒక ప్రతిని భద్రపరచాలి. రెండు కేంద్రాల అధికారులూ దీనికి వీలుందో లేదో మీ పత్రిక ద్వారానే జవాబివ్వాలని కోరుతున్నాను.

— ఒక నాటకాభిమాని, తెనాలి