బండ్ల బాటకు పట్టాదారు ఎవరు సార్? పర్యాటక శాఖ మంత్రి గారికి బహిరంగ లేఖ

మంత్రి గారికి నమస్తే సార్.

నాది నల్గొండల సైకిల్ షాపు. అసలు మా నాయనది, అద్దె సైకిళ్ల షాపు, గంటకు ఆఠాణ ఉన్నకాడి నుంచి నడిపిండు, తర్వాత రూపాయి అయింది, తర్వాత రెండు రూపాయలు, ఆ తర్వాత అందరికీ బండ్లు వచ్చినయ్, అద్దెకు అడిగేటోడే లేకుండ పోయిండు. నేను పంక్చర్లు వేసుకుంట, పిల్లల సైకిళ్లు అమ్ముకుంట షాపు నెట్టుకొస్తున్న. నాలుగేండ్ల కింద హైదరాబాద్ నుంచి ఐదుగురు పోరగాళ్లు సైకిళ్లు కార్ల మీద కట్టుకొని వచ్చి, అన్నా పానగల్ గుడికి మెయిన్ రోడ్డు మీదికెళ్లి కాకుండ పొలాల నడుమ నుంచి బాట ఉన్నదా అని అడిగిండ్రు. ఉన్నది పాండ్రి అని నేనే ముందు నడిచిన. గట్ల మొదలైంది మా ఆదివారం రైడ్. ఇప్పుడు మనిషికి 700 తీసుకుంటున్న, సైకిల్ నాదే, టిఫిన్ ఊర్ల ఒక అక్క చేస్తది, ఆమెకు తలకు 120 పోతది. దీన్ని ఇంగ్లీషుల గైడెడ్ టూర్ అంటరంట, మాకు తెల్వదు, మేం పొలాలకాడికి పోవుడు అంటం.

నేను ఈ లెటర్ పైసల కోసం రాస్తలేను సార్, ముందే చెప్తున్న. రిసార్టు గూడ వద్దు. పొలాల నడుమ ఒకప్పుడు ఎడ్లబండ్లు తిరిగిన ఒక బాట గురించి రాస్తున్న.

మీకు రూటు చెప్తే అర్థమైతది. పొద్దున అయిదున్నరకు షాపు కాడ బయల్దేరితే ఆరుగంటల వరకు పానగల్ చెరువు కట్ట మీద ఉంటం. ఉదయ సముద్రం అంటరు, కందూరు చోళుల కాలం నాటి చెరువు, ఇప్పుడు ఏఎమ్మార్పీ (ఎలిమినేటి మాధవరెడ్డి ప్రాజెక్టు) కాల్వ నుంచి కృష్ణ నీళ్లు వచ్చి నిండుతది. హైదరాబాద్ వాళ్లు అడిగే మొదటి మాట, అన్నా ఈ నీళ్లు తాగొచ్చా, నల్గొండ అంటే ఫ్లోరైడ్ కదా అని. ఆ బద్నాం ఇంకెన్నేండ్లు మోస్తమో. ఛాయా సోమేశ్వరాలయం కాడ ఆగుతం. మూడు గర్భగుళ్లు, నడుమ ఒక మండపం, లింగం వెనక పొద్దంతా ఒక స్తంభం నీడ కదలకుండ నిలబడి ఉంటది, ఏ స్తంభం నీడనో చెప్పుమంటే ఎవరూ చెప్పలేరు, చెయ్యి అడ్డం పెట్టి చూస్తరు, అటు తిరుగుతరు ఇటు తిరుగుతరు. ఆడ అరగంట పోతది. పచ్చల సోమేశ్వరాలయం గూడ దగ్గరనే, మ్యూజియం గూడ ఆడనే ఉన్నది, గానీ మేం పోయే టైముకు మ్యూజియం తెరవరు.

గుడి దాటినంక బండ్ల బాట ఎక్కుతం. అసలు రైడ్ అంటే అదే సార్, మిగిలినదంతా ఆడిదాకా పోయేందుకే. రెండు గాడులు, నడుమ గడ్డి, అటుపక్క ఇటుపక్క వరి, కొన్నికాడ తాటిచెట్లు వరసగ. దసరా ముందట పోతే బాట పొంటి తంగేడు పచ్చగ, గునుగు తెల్లగ, ఆడోళ్లు సైకిళ్లు ఆపి ఒళ్లె నింపుకుంటరు, బతుకమ్మకు హైదరాబాద్‌ల ఇవే పువ్వులు కొంటున్నం కదా అనుకుంట. కరెంటు తీగ మీద పాలపిట్ట కనబడితే నేను ఏం చెప్పను, ఊకుంట, అది లేసినప్పుడు రెక్కల కింద నీలం రంగు చూసి వాళ్లే అరుస్తరు.

ఒకసారి ఒక పదేండ్ల పిలగాడు, అంకుల్ దీంట్ల బియ్యం ఎక్కడుంటయ్ అన్నడు. ఆడ వరి అప్పుడే పాలు పోసుకుంటున్నది. ఒక కంకి తెంపి రెండు గింజలు వాని చేతుల పెట్టి గోటితో ఒత్తుమన్న. తెల్లగ పాలు వచ్చినయ్ వేలు మీద. వాడు నాకి చూసిండు, తియ్యగ ఉన్నది అంకుల్ అన్నడు. వాళ్ల నాయన, ఏదో పెద్ద కంపెనీల మేనేజరంట, ఆయన గూడ రెండు గింజలు ఒత్తుకున్నడు, అమ్మనాన్నలది వ్యవసాయమే అంట ఆయనకు, ఇదెన్నడూ చేయలేదంట. నేను గైడ్ పని ఏం చదువుకోలేదు సార్, నాకు తెలిసింది ఇంతే. నారుమడి ఏది నాటేసిన మడి ఏది, గెట్టు మీద ఎందుకు తొక్కొద్దు, 1010 రకం ఏది సన్నాలు ఏవి, నాట్లకు మనోళ్లు దొరకక బీహార్ వాళ్లు గుంపులుగ వచ్చి ఎకరాకింత అని గుత్తకు ఎట్ల పట్టుకుంటరు, ఇవే చెప్త. మా అమ్మ కాలంల నాట్లేస్తుంటే పాట ఇటు దరి నుంచి అటు దరికి పోయేది, ఇప్పుడు పాట ఫోన్‌ల భోజ్‌పురిల వస్తది. అది గూడ చూపిస్త, దాచేదేముంది.

మా తమ్ముడు సాఫ్ట్‌వేర్, పోయినేడు ఫ్యామిలీతో వియత్నాం పోయిండు. హోయ్ ఆన్ అనే ఊరు, పాత ఊరంతా యునెస్కో లిస్టుల ఉన్నది 1999 నుంచి. ఆడ పొలాల నడుమ సైకిల్ టూర్ చేసిండంట, మన రూపాయల్ల మనిషికి రెండువేల పైనే పెట్టిండు, పక్కనే ట్రా క్వే అనే కూరగాయల ఊర్ల ఆపిండ్రంట, ఆడ ఏట్ల దొరికే నాచును ఎరువు లెక్క వేస్తరు, కావడి లాగ భుజం మీద కర్ర, రెండు దిక్కుల నీళ్ల డబ్బాలు, మా మరదలు గూడ ఆ కావడి మోసి ఫొటో దిగింది. నల్గొండల పుట్టి పెరిగిన పిల్ల, ఇంటికాడ బిందె ముట్టదు! నవ్వుకున్నం. గానీ సార్, ఆ ట్రా క్వేకు 2024ల ఐక్యరాజ్యసమితి టూరిజం వాళ్లు ఉత్తమ పర్యాటక గ్రామం అని ఇచ్చిండ్రు. అదే అవార్డు మన భూదాన్ పోచంపల్లికి 2021లనే వచ్చింది, అవార్డు మొదలుపెట్టిన మొదటి ఏడాది, 44 ఊర్లల్ల మనది ఒకటి. 1951 ఏప్రిల్ 18 నాడు వినోబా భావే అడిగితే వెదిరె రామచంద్రారెడ్డి గారు 100 ఎకరాలు ఇచ్చిన ఊరది, మనకు చెప్పుకునేందుకు కథలు తక్కువ లేవు. మరి పోచంపల్లికి వచ్చేటోళ్లు ఏం చేస్తున్నరు, చీరలు కొనుక్కుంటున్నరు, మగ్గం కాడ ఒక ఫొటో, తిరిగి కారెక్కుతున్నరు. నేను నాలుగుసార్లు పోయిన, చెరువు కట్ట మీద నడుస్తున్న టూరిస్టును ఒక్కణ్ణి చూడలే. ఊరు చూసుడంటే షాపింగ్ అయిపోయింది. వియత్నాం వాళ్లు కట్టింది ఏం లేదు సార్, వాళ్ల కాడ ఉన్న బాటను ఉన్నట్టు ఉంచిండ్రు. అంతే తేడా.

ఇగ మా బాట సంగతి.

పోయిన ఆగస్టుల 11 మందిమి పోయినం. అంతకుముందు ఆదివారం పోయిన బాటనే. మలుపు తిరిగేసరికి ఎదురుంగ రాతి కడీలు పాతి ఉన్నయ్, మూడు వరసల ముళ్లతీగ, పక్కన ఫ్లెక్సీ, ఏదో వెంచర్. బాట తీగ కిందికెళ్లి అట్లనే అవతలికి పోతున్నది, కనబడుతున్నది, గాడులు గూడ పోలే. వెనకకు తిరిగితే ఆరు కిలోమీటర్లు, ఎండ ఎక్కుతున్నది, టిఫిన్ అవతల ఊర్ల ఉన్నది. సరే అని సైకిళ్లు భుజాన ఎత్తుకొని గెట్టు మీద నుంచి నడిచినం. ముందటి రాత్రి వాన కొట్టింది, గెట్టు మెత్తగున్నది. ఒక మేడం కాలు జారి మోకాళ్ల దాకా మడిల దిగబడ్డది, సైకిల్ ఆమె మీద, నాటేసి పది రోజులు గూడ కాలే ఆ మడి. బోరు కాడ ఒక పెద్దమ్మ చూసి ఉరికొచ్చింది. తిడుతది అనుకున్న, తిట్టినా తప్పులేదు. ఆమె మా హెల్మెట్లు చూసి, నా చేతుల కాగితం చూసి, ఎవలు బిడ్డా మీరు, సర్వేకొచ్చిండ్రా, మా భూమి పోతదా అన్నది.

ఆ మాటకు నాకు నోట మాట రాలే సార్. టోపీలు పెట్టుకొని తెల్వనోళ్లు పొలంల దిగితే మా దిక్కు రైతుకు వచ్చే ఆలోచన అదొక్కటే, కాల్వకో రోడ్డుకో కంపెనీకో భూమి పోతది అని. కాదమ్మా, ఊకెనే చూసేందుకు వచ్చినం, పట్నం వాళ్లు, వరి చూస్తరంట అన్న. వరిని చూసుడేంది అని నవ్వింది. ఆ మేడం కాళ్లు బోరు నీళ్లతో ఆమెనే కడిగింది, పడిపోయిన నారు నాలుగు కుదుళ్లు మళ్ల నాటించింది ఆ మేడంతోనే. ఆ మేడం ఇప్పటికి మూడుసార్లు వచ్చింది, వచ్చినప్పుడల్లా ఆ పెద్దమ్మకు ఏదో ఒకటి తెస్తది, ఈమె బత్తాయిలు ఒళ్లె పోస్తది.

ఆ తర్వాత నేను ఆ బాట గురించి తిరిగిన. ఏ ఆఫీసు, ఎవరు అన్నది రాయను, అందరూ మర్యాదగనే మాట్లాడిండ్రు. గ్రామ నక్షా తీయించిన, దాంట్ల బండ్ల బాట స్పష్టంగ ఉన్నది, మా తాతల నాటి నక్షా అది. అప్లికేషన్ ఇయ్యమన్నరు. ఇచ్చిన. నీ పొలం ఏ సర్వే నంబరు అన్నరు. నాకు ఆడ పొలం లేదు సార్ అన్న. మరి నువ్వెవరు అప్లికేషన్ పెట్టేందుకు అన్నరు. నాకు జవాబు దొరకలే.

ఇదే సార్ మీకు చెప్పాలని అనుకున్నది. 2020ల భూమి రికార్డులకు ధరణి వచ్చింది, అది పోయి 2025ల భూభారతి వచ్చింది, రికార్డులు సాఫ్ చేస్తున్నరు, మంచిదే. ఎవరి గుంట వాళ్లకు పక్కా అయితే గెట్టు పంచాయితీలు తగ్గుతయ్. గానీ బాటకు పట్టాదారు లేడు కదా. పాసుబుక్కు లేదు, ఆధార్ లేదు, రైతుభరోసా పడదు. దాని తరఫున మీసేవకు పోయి లైన్ల నిలబడేదెవరు? ఒకప్పుడు దాని మీద ఎడ్లబండ్లు తిరిగినయ్, బాట మూస్తే 20 మంది రైతులు కట్టెలు పట్టుకొని వచ్చేటోళ్లు. ఇప్పుడు ట్రాక్టర్ పక్క మడిలకెళ్లి పోతది, కోత మిషన్ ఎట్లనన్న పోతది, రెండు దిక్కుల రైతులు అరమీటరు అరమీటరు దున్నుకుంట వస్తరు, మిగిలిన దాన్ని వెంచర్ వాళ్లు కడీలతో కలుపుకుంటరు. బాట చచ్చిపోయిందని ఎవరికీ ఫోన్ రాదు.

నేను ఒక్క రైతును గూడ తప్పు పడతలేను, అది గూడ చెప్పాలె. యాసంగి కోతలప్పుడు సగం రోడ్డు మీద వడ్లే, అంచుకు రాళ్లు, రాత్రి పూట నల్ల పరదాలు, బండ్ల మీద వచ్చేటోళ్లు రాళ్లకు తగిలి పడుతరు, అది నిజమే. మేం ఆడ సైకిళ్లు దిగి నడిపిస్తం. వాళ్లు ఎక్కడ ఆరబోస్తరు మరి, కల్లం ఉన్నదెవరికి? కేజీవీల్స్, అంటే మడి దున్నే ఇనుప చక్రాలు, వాటి తోని ట్రాక్టర్ తారు రోడ్డు ఎక్కితే రోడ్డు మొత్తం దువ్వెన గీసినట్టు అయితది, సైకిల్ మీద కూసుంటే పండ్లు పటపటలాడుతయ్, గానీ ఒక మడి నుంచి ఇంకో మడికి పోయేందుకు ఆ చక్రాలు ఊడదీసి బిగించే ఓపిక ఎవరికున్నది. బండ్ల బాట సక్కగ ఉంటే ట్రాక్టర్ తారు రోడ్డు ఎందుకెక్కుతది సార్, ఇది గూడ అదే ముచ్చట.

హైదరాబాద్ ఔటర్ రింగు రోడ్డు పక్కన 23 కిలోమీటర్ల సైకిల్ ట్రాక్ వేసిండ్రు, 2023 అక్టోబర్ల తెరిచిండ్రు, పైన సోలార్ పలకల కప్పు. పోయి తొక్కి వచ్చిన, బాగున్నది, అబద్ధమెందుకు. మాకు కప్పు అక్కర్లేదు. తారు గూడ వద్దు, తారు వేస్తే మళ్ల లారీలు వస్తయ్. మీరు రెవెన్యూ వాళ్లతో ఒక మాట మాట్లాడి, చెరువు కట్టలు, కాల్వ కట్టలు, నక్షాల ఉన్న బండ్ల బాటలు, ముందుగాల ఒక్క మండలంల నన్న కొలిపించి హద్దు రాళ్లు పాతించుండ్రి. ఉపాధి హామీ కూలీలతోని సర్కారు తుమ్మ కొట్టించుండ్రి. ఆ తుమ్మ ముల్లు ఎంత పనిమంతురాలు అంటే కొత్త టైరు గూడ ఆగదు, ఒక రైడుకు సగటున మూడు పంక్చర్లు, నా సంచిల ప్యాచులు సొల్యూషన్ గాలిపంపు లేకుండ కాలు బయటపెట్ట. పంక్చర్ షాపోణ్ణి నేనే ఆ చెట్టు కొట్టియ్యమంటున్న అంటే మీరే అర్థం చేసుకోవాలె.

ఇంకొకటి, మర్చిపోతనేమో. ఆడోళ్లు రైడ్ బుక్ చేసే ముందు అడిగేది సైకిల్ గురించి కాదు, బాత్రూం ఉందా అని. స్కూల్ ఆదివారం బంద్, అంగన్వాడీ బంద్. రాష్ట్రంల 2601 రైతు వేదికలు కట్టిండ్రు, మా రూట్ల గూడ ఒకటి ఉన్నది, బాత్రూంలు ఉన్నయ్, ఆదివారం తాళం. తాళం చెవి ఒకటి టిఫిన్ చేసే అక్కకు ఇస్తే ఆమెనే కడిగి పెడతది, తలకు పది రూపాయలు మేం ఇస్తం. దీనికి కొత్త స్కీము అక్కర్లేదు, ఒక చెవి చాలు.

మీరు ఒక ఆదివారం రాండ్రి సార్. సీటు మంచిగున్న సైకిల్ తీసిపెడత. కాన్వాయ్ కట్ట కాడనే ఆగాలె, బండ్ల బాట మీద పట్టదు, గన్‌మెన్‌కు గూడ సైకిల్ ఇస్త, ఆయన దగ్గర 700 తీసుకోను. బూట్లు వద్దు, చెప్పులేసుకొని రాండ్రి.

వచ్చే ఆదివారం 9 మంది వస్తున్నరు. ఆ కడీల కాడ ఇప్పుడు ఒక గొర్ల కాపరిని మాట్లాడుకున్న, మేం వంగి అవతలికి పోయేదాకా కట్టెతో తీగ ఎత్తి పట్టుకుంటడు. ఆయనకు 50 ఇస్తున్న.

ఇట్లు
నల్గొండ సైకిల్ షాపు