పేరు కూడా సరిగ్గా వినని ఆ బామ్మగారికి

నిన్న మా పేట పిల్లల సంఘం వాళ్ళ హినమత్సురి వేడుకలో 40 సకురమోచీలూ (తీపి పూర్ణం పెట్టి, చెర్రీ ఆకు చుట్టే గులాబీరంగు మిఠాయి) అయిపోయాయి. రెండు రాత్రులుగా నిద్ర లేదు, కళ్ళు మండుతున్నాయి. అయినా ఇవాళే రాయాలి.

మార్చి 3 ఇక్కడ ఆడపిల్లల పండుగ. ఈసారి మిఠాయి నేను తెస్తానని నేనే ఒప్పుకున్నాను. అజుకి అనే ఎర్ర గింజల పూర్ణం ముందురోజే ఉడికించి ఉండలు చేసిపెట్టాను. బొబ్బట్లు చేసే చెయ్యి కదా, అది కష్టం కాలేదు. మోచీ దగ్గరే తప్పు చేశాను. టోక్యో పద్ధతిలో గోధుమపిండితో పల్చని అట్టు వేసి చుడతారు. మా ఒసాకాలో అలా కాదు, దోమ్యోజికో అనే రవ్వ కావాలి. జిగురు బియ్యాన్ని నానబెట్టి, ఆవిరి మీద ఉడికించి, ఎండబెట్టి విరగ్గొట్టిన రవ్వ అది. చూడ్డానికి ఇడ్లీరవ్వలా ఉంటే, ఉప్మాకి పోసినట్టు మరిగే నీళ్ళలో పోసేశాను. గులాబీరంగు జావ అయి కూర్చుంది. ఉన్న 700 గ్రాములూ పోయాయి.

సాయంత్రం పాపని వీపున కట్టుకుని సూపర్ మార్కెట్‌కి పరుగెత్తాను. దోమ్యోజికో పెట్టే అర ఖాళీ. అక్కడే నిలబడిపోయాను. ఎనభై దాటిన బామ్మగారొకరు పక్కకొచ్చి ఏం వెతుకుతున్నావమ్మా అని అడిగారు. చెప్పాను, చెబుతూనే ఏడ్చేశాను. ఆవిడ ముందు సంచీలోంచి అమెచాన్, అంటే చప్పరించే తీపి బిళ్ళ, తీసి పాప చేతిలో పెట్టారు. మా ఇంట్లో ఉంది, ఆగు అని వెళ్ళి, అరగంటలో నాలుగు ప్యాకెట్ల రవ్వ, ఉప్పులో ఊరేసిన చెర్రీ ఆకులు, ఒక తెల్లగుడ్డ పట్టుకుని నేరుగా మా ఇంటికి వచ్చేశారు.

రవ్వని లేత గులాబీ నీళ్ళలో గంటసేపు నాననిచ్చారు. ఇంట్లో ఉన్న ఆవిరిగిన్నె చిన్నదని నేను నా ఇడ్లీపాత్ర తీస్తే, ఆవిడ దాన్ని తిప్పి తిప్పి చూసి మెచ్చుకుని, అందులోనే గుడ్డ పరిచి ఇరవై నిమిషాలు ఉడికించారు. దించాక చక్కెర కలిపి, తడిగుడ్డ కప్పి పక్కన పెట్టారు. మెతుకు మెతుకుగా, మెరుస్తూ వచ్చింది. ఈ రవ్వ పుట్టింది ఇక్కడికి దగ్గర్లో ఫుజిఇదెరాలోని దోమ్యోజి గుడిలోనేనట, అక్కడి సన్యాసినులు దేవుడికి పెట్టిన అన్నాన్ని ఎండబెట్టి దాచేవారట. ఆకులేమో ఇజు ద్వీపకల్పంలోని మత్సుజాకివి. పచ్చి ఆకుకి ఆ వాసన ఉండదు, ఉప్పులో ఊరితేనే వస్తుంది. అవి నీళ్ళలో నానుతుంటే వంటిల్లంతా ఆ వాసనే.

నా వేళ్ళకి వేడి మోచీ అంటుకుని చురుక్కుమంటుంటే, నా రెండు చేతులూ పట్టుకుని చన్నీళ్ళలో ముంచారు. ప్రతి ఉండకీ ముందు చెయ్యి తడుపుకో అని ఒక్క మాటే అన్నారు. పాపకని ఆకు చుట్టకుండా ఒకటి విడిగా చేశారు. పదకొండింటికి గిన్నెలన్నీ కడిగి, స్టవ్ తుడిచి, గుమ్మం దగ్గర నాకు నడుం వంచి దండం పెట్టారు. “ఇన్ని చేసి ఎన్నేళ్ళయిందో, నన్నూ చెయ్యనిచ్చావు, ఓకీని” అన్నారు. ఓకీని అంటే ఒసాకా మాటలో థాంక్స్. తలుపేసుకుని అక్కడే కూలబడి ఏడ్చాను.

ఈ ఊళ్ళో బిడ్డని ఒక్కతే చూసుకునే తల్లులు ఇంకా ఎంతమంది ఇలా ఏడుస్తున్నారో. పాపకి చెవినొప్పి జ్వరం, అంటుకునేది కాదని డాక్టరే చెప్పారు. అయినా జ్వరం 37.5 డిగ్రీల సెల్సియస్ దాటితే డేకేర్ తీసుకోదు. జబ్బు పిల్లల్ని చూసుకునే చోటు వేరే ఉంది. దానికి ముందే పేరు నమోదు చేయించాలి, డాక్టరు కాగితం తేవాలి, ఆ కాగితం కోసం జ్వరంతో ఉన్న బిడ్డని క్లినిక్‌లో రెండు గంటలు కూర్చోబెట్టాలి. అన్నీ చేసి ఫోన్ చేస్తే ఖాళీ లేదన్నారు. ఉద్యోగం చేసే తల్లికి సెలవులు ఎన్ని ఉంటాయని వీళ్ళ లెక్క?

నగోయా నుంచి పొద్దున్నే మొదటి రైలెక్కి వచ్చి పాప దగ్గర కూర్చున్న మా ఆయనకి, గుంటూరు నుంచి వీడియోకాల్‌లో పాపకి కథలు చెప్పిన అత్తయ్యకి థాంక్స్.

బామ్మగారూ, మీ పేరు చెప్పారు, ఆ హడావుడిలో నా చెవికెక్కలేదు. మీ తెల్లగుడ్డ ఉతికి మడతపెట్టి ఉంచాను. రేపటి నుంచి రోజూ నాలుగున్నరకి ఆ అర దగ్గరే నిలబడతాను.

అయ్యో, కింది ఫ్లోర్ నేపాలీ తమ్ముణ్ణి మర్చిపోయాను, రెండు ట్రేలూ హాలు దాకా మోసింది అతనే. రాత్రి మూసే వేళకి వెళ్ళినా చెవి మందు ఇచ్చిన మందుల షాపు అమ్మాయికి కూడా. పాప ఆ ఆకులేని మోచీ మొత్తం తినేసింది.