పై ఫ్లాటు గొడవ వట్టి శబ్దమేనా?

సంపాదకులకు నమస్కారం.

మేముండేది హైదరాబాద్‌లో, నిజాంపేట వైపు ఒక అపార్ట్‌మెంటులో. చూడ్డానికి అన్నీ చక్కని కుటుంబాలే. పొద్దున్నే స్కూలు వ్యాన్లు, సాయంత్రం వాకింగు, శనివారం గుడి. కానీ మా పై ఫ్లాటులో కొన్ని రాత్రులు టీవీ సౌండు ఉన్నట్టుండి పెరుగుతుంది. అది దేన్ని కప్పడానికో చుట్టుపక్కల అందరికీ తెలుసు. సీరియల్ ఏడుపుకీ, మనిషి ఏడుపుకీ తేడా తెలియని వయసు కాదు నాది.

ఆమధ్య ఓ రోజు తెల్లారగానే మా వాట్సాప్ గ్రూపులో ఎవరో పెట్టారు: "పది దాటాక శబ్దాలు వద్దు, పిల్లలకు పరీక్షలు." దాని కింద వరసగా బొటనవేళ్లు. కాసేపటికి పై ఫ్లాటాయన గులాబీ పువ్వుతో గుడ్ మార్నింగ్ పంపారు! వినాయక చవితి చందాల లెక్క ఆయనదే, పైసా తేడా రాదు. భార్య కూడా ఉద్యోగం చేస్తుంది, ఏటీఎం కార్డు మాత్రం ఆయన జేబులో. కూరగాయల బండి దగ్గర ఇరవై రూపాయలు తక్కువైతే నన్నడిగింది, అప్పుడు ఆ అమ్మాయే చెప్పింది. (ఎవరూ పోల్చుకోకుండా ఒకటి రెండు వివరాలు మార్చాను.)

మా సెక్రటరీతో అంటే, "మొగుడూ పెళ్లాల మధ్య మనమెందుకు మేడమ్, రేపు మన మీదే కేసు పెడతారు" అన్నారు. చట్టం అలా లేదు. గృహహింస నుంచి మహిళలకు రక్షణ చట్టం, 2005లోని నాలుగో సెక్షను ప్రకారం హింస జరుగుతోందని నమ్మే కారణం ఉంటే ఎవరైనా ఆ చట్టం కింద ప్రభుత్వం నియమించే రక్షణ అధికారికి చెప్పొచ్చు. మంచి ఉద్దేశంతో చెప్పినవాళ్లకు సివిల్‌గా గానీ, క్రిమినల్‌గా గానీ ఏ చిక్కూ ఉండదు. తిట్టి కించపరచడం, సంపాదన లాక్కోవడం కూడా ఆ చట్టం కింద హింసే. మహిళల హెల్ప్‌లైన్ 181కి రాత్రీ పగలూ ఎప్పుడైనా ఫోన్ చేయొచ్చు.

అయితే ఆ అమ్మాయిని అడక్కుండా ఫిర్యాదు చేస్తే ముందు దెబ్బ ఆమె మీదే పడుతుందేమోనని నా టెన్షన్. మెసేజ్ పెడదామంటే ఫోను ఆయన చూస్తాడు. లిఫ్టులో 181 కాగితం అతికిస్తే అందరితో పాటు ఆమే చదువుకుంటుంది కదా అన్నాను. "ఫ్లాటు కొనడానికి వచ్చేవాళ్లు ఏమనుకుంటారు?" అని కమిటీ ఒప్పుకోలేదు. ఫుడ్ డెలివరీ ఆఫర్ల స్టిక్కర్లకు మాత్రం ఆ అభ్యంతరం లేదు.

ప్రతి అపార్ట్‌మెంటు లిఫ్టులోనూ ఈ నంబరు ఉండి తీరాలని మహిళా శిశు సంక్షేమ శాఖే ఆదేశమిస్తే మా కమిటీతో వాదించే పని తప్పుతుంది.

– ఒక రిటైర్డ్ టీచరు, హైదరాబాద్