పీపీఈ కిట్ విప్పే డాఫింగ్ గదిలో నిలబడ్డ అక్కకు

2021 మే. వరంగల్ ఎండలు, ఆపైన పీపీఈ కిట్. కరోనా వార్డులో డ్యూటీ దిగే నర్సుకు గొంతు తడారిపోయి ఉంటుంది, కళ్లు తిరుగుతుంటాయి. మాస్కు ఎప్పుడు పీకేద్దామా అనిపిస్తుంది. వైరస్ అంటుకునే ముప్పు ఎక్కువుండేది కూడా కిట్ విప్పే ఆ నిమిషాల్లోనే.

అక్కా, వార్డు ఊడ్చి తుడిచే పని అయిపోయినా మీరు ఇంటికి పోలేదు. దూరంగా నిలబడి "పైలం బిడ్డా, ఆగమాగం గాకు" అంటూ ఒక్కొక్కటే చెప్పారు. ముందు షూ కవర్లు, పై గ్లవ్స్. సూట్‌ను లోపలి వైపు బయటికొచ్చేలా చుట్టుకుంటూ దింపాలి. తర్వాత గాగుల్స్. ఎన్95 ముందు భాగం ముట్టకుండా కింది పట్టీ, ఆ తర్వాత పై పట్టీ. చివరికి లోపలి గ్లవ్స్. ప్రతిసారీ శానిటైజర్ రుద్దుకునేదాకా మీరు తర్వాతి మాట చెప్పలేదు. అలసిన మనిషి మరిచిపోయేది ముందుగా అదే మరి.

మాస్కు ఒరుసుకుని ముక్కు దూలం పుండై, పేషెంటు పోయిన దిగులుతో మాట రాక కూర్చున్న అమ్మాయిలకు లీటరు నీళ్లలో ఓఆర్ఎస్ ప్యాకెట్ కలిపి గుక్కగుక్కగా తాగించారు. ఏమీ అడగలేదు, పక్కనే కూర్చున్నారు.

ఆ వార్డులో పనిచేసిన నర్సులందరి తరఫున మీకు దండాలు అక్కా.