మేడమీది వాటాకు కట్టిన బోర్డు

సత్యనారాయణపురం,
విజయవాడ.

ప్రియమైన మిత్రునికి,

నీ ఉత్తరం అందిన రోజునే జవాబు రాయాలని కూర్చున్నాను గానీ, మేడమీది వాటాకు సున్నం వేయించే పనిలో పది రోజులు గడిచిపోయాయి. మా గేటుకు అమ్మ వేలాడదీయించిన ‘శాకాహారులకు మాత్రమే’ అనే అట్టముక్క గురించి నేను కాస్త సిగ్గుపడుతూ రాస్తే, నువ్వు దాన్ని సమర్థిస్తూ మూడు పేజీలు నింపావు. సాంస్కృతిక బహుళత్వం అంటే ఇదేననీ, ఎవరి ఆచారాన్ని వారిని పాటించుకోనివ్వడమే అసలైన ఉదారవాదమనీ, నావంటివాళ్లు నాలుగు పుస్తకాలు చదివి ఇంట్లో పెద్దవాళ్లను ఇబ్బంది పెడతారనీ నీ వాదన. చివరి మాట నిజమే. మొదటి రెండింటితోనే నాకు పేచీ.

చట్టం నీ వైపే ఉందని ముందే ఒప్పుకుంటాను. రాజ్యాంగం 15వ అధికరణం మతం, కులం పేరిట వివక్ష చూపకూడదని ప్రభుత్వాన్ని శాసిస్తుంది. పౌరుల మధ్య వ్యవహారానికి వచ్చేసరికి దుకాణాలు, హోటళ్లు, బావులు, చెరువులు, స్నానఘట్టాలు, రోడ్ల వంటి వాటిని పేర్కొంటుందే తప్ప అద్దె ఇంటి ఊసెత్తదు. అహ్మదాబాదులోని ఒక పార్సీ గృహనిర్మాణ సహకార సంఘం తమ మతస్థులకే సభ్యత్వం ఇస్తామని నియమం పెట్టుకుంటే, 2005లో సుప్రీంకోర్టు ఆ నియమాన్ని నిలబెట్టింది. నువ్వు న్యాయవాదివి కావు గనుక ఈ తీర్పు నీ కంటపడలేదు. పడి ఉంటే మూడు పేజీలు ఆరయ్యేవి.

అయితే ఆ సంఘంవారు పిడికెడుమంది పార్సీలు. శాకాహారులమైన మేం సత్యనారాయణపురంలో ఎప్పుడు పిడికెడుమందిమి అయ్యాం? విల్ కిమ్లికా అనే కెనడా పండితుడు 1995లో వెలువరించిన పుస్తకంలో ఒక తేడా చూపించాడు. ఒక చిన్న సమాజం తనకంటే బలమైన సమాజపు ఒత్తిడి నుంచి తన భాషనూ భూమినీ కాపాడుకోవడానికి అడిగే హక్కు ఒకటి. అదే సమాజం తన లోపలి మనిషి నోరు నొక్కడానికి అడిగే హక్కు మరొకటి. మొదటిదాన్ని ఉదారవాది ఆమోదించవచ్చుననీ, రెండోదాన్ని ఆమోదించలేడనీ అతని వాదం. మొదటిదానికి ఉదాహరణ కోసం మనం కెనడా దాకా పోనక్కరలేదు: 1913లో బాపట్లలో మొదటి ఆంధ్ర మహాసభ జరిపినవారు అడిగింది అటువంటి హక్కునే. తెలుగులో చదువుకుని, తెలుగులో పాలన జరుపుకునే వీలు లేనివాడికి వ్యక్తి స్వేచ్ఛ అంటే ఏమిటో చెప్పడం కష్టం. కాబట్టి సమూహాల హక్కు అనగానే నేను మండిపడతానని అనుకోకు. మా గేటు మీది అట్టముక్క ఆ కోవకు చెందదు, అంతే. అది బలహీనుడు పట్టుకున్న డాలు కాదు. ఇల్లున్నవాడు ఇల్లు లేనివాడి కంచం వైపు చూసిన చూపు. అమ్మ వంటిల్లు అమ్మది. మేడమీది వంటిల్లు, నెలనెలా అద్దె తీసుకున్నంత కాలం, అమ్మది కాదు. కోస్తాలో మాంసాన్నీ చేపనీ ‘నీచు’ అంటాం కదా. ఆ మాటలోనే తీర్పు కూడా ఇమిడి ఉందని ఈ గొడవలో పడేదాకా నాకు తట్టలేదు.

రెండోరకం హక్కుకు మన భాషలో చక్కటి మాట ఉంది: వెలి. 1881 డిసెంబరులో రాజమహేంద్రవరంలో వీరేశలింగం పంతులుగారు మొదటి వితంతు వివాహం జరిపించినప్పుడు సమాజం ఆయన మీద ప్రయోగించిన ఆయుధం అదే. స్వతంత్ర భారతంలోనూ ఆ ఆయుధానికి కోర్టు రక్షణ దొరికిందంటే నువ్వు నమ్మవు. బొంబాయి రాష్ట్రం 1949లో వెలివేయడాన్ని నిషేధిస్తూ చట్టం చేసింది. షియా ముస్లింలలో ఒక శాఖ అయిన దావూదీ బోరాల మతగురువు దాన్ని సవాలు చేశారు. మతకారణాలతో ఒకరిని వెలివేయడం మతశాఖ తన మతవ్యవహారాలను తానే నడుపుకునే హక్కులో భాగమని సుప్రీంకోర్టు 1962లో ఆ చట్టాన్ని కొట్టివేసింది. ఐదుగురు న్యాయమూర్తులలో ప్రధాన న్యాయమూర్తి సిన్హా ఒక్కరే విభేదించారు. వెలిపడినవాడు మసీదుకూ శ్మశానానికీ కూడా దూరమవుతాడు; మనిషి గౌరవాన్ని కాపాడే చట్టాన్ని మతస్వేచ్ఛ పేరుతో ఎలా కొట్టివేస్తామన్నది ఆయన దృష్టి. నీ బహుళత్వం పూర్తిగా గెలిచిన తీర్పు ఇది. చదివితే నీకు సంతోషం కలగదని నా నమ్మకం.

దీనికి నీ సమాధానం నాకు తెలుసు: ఇష్టం లేనివాడు బయటికి పోవచ్చు కదా అంటావు. చంద్రన్ కుకథాస్ అనే రాజనీతి పండితుడు 2003లో ఇంచుమించు ఆ వాదననే గ్రంథంగా మలిచాడు. సమూహం ఎంత సంకుచితమైనదైనా, దానిని విడిచిపోయే స్వేచ్ఛ మనిషికి ఉంటే చాలునన్నాడు. విడిచిపోవలసిన అవసరం ఎక్కువగా ఉన్న ఆడవాళ్లకే ఆ శక్తి తక్కువగా ఉంటుందని స్త్రీవాద పండితురాలు సూసన్ మోలర్ ఓకిన్ ఈ తరహా వాదాలను ఎదిరించింది. నాకు ఓకిన్ మాటే మనసుకు పట్టింది, పుస్తకం వల్ల కాదు, మా పెద్దమ్మ కూతురి వల్ల. గుంటూరు రిజిస్ట్రారు కార్యాలయంలో ఆమె పెళ్లికి పెట్టిన మూడు సాక్షి సంతకాలలో ఒకటి నీదే. 1954 నాటి ప్రత్యేక వివాహ చట్టం ప్రకారం ఆ ఇద్దరి పేర్లతో నోటీసు ముప్పై రోజులు గోడ మీద వేలాడినప్పుడు, దాన్ని ఎవరైనా మావాళ్లు చూస్తారేమోనని మనం ఎంత హడలిపోయామో గుర్తు తెచ్చుకో. తరువాత ఎవరూ ఆమెను వెలివేస్తున్నామని ప్రకటించలేదు. ఆ తరువాత జరిగిన పెళ్లిళ్ల శుభలేఖలలో ఆమె పేరు అచ్చు కాలేదు, అంతే. పెద్దమ్మ పోయినప్పుడు ఆమెకు కబురు మూడోనాడు అందింది. తలుపు తీసే ఉంది, బయటికి వెళ్లింది, నీ సిద్ధాంతం ప్రకారం ఆమె స్వేచ్ఛకు ఏ లోటూ లేదు.

1948 నవంబరు 4న రాజ్యాంగ సభలో అంబేద్కర్, ముసాయిదా రాజ్యాంగం గ్రామాన్ని విడిచిపెట్టి వ్యక్తినే ప్రమాణంగా తీసుకున్నందుకు సంతోషిస్తున్నానన్నప్పుడు, శుభలేఖ మీద పేరు లేని ఇటువంటి మనుషులే ఆయన కళ్లముందు ఉన్నారని నేను అనుకుంటాను.

నీ ఉత్తరంలో నన్ను నిజంగా ఇరుకున పెట్టింది ఒక్క వాక్యమే: సంస్కరణ పేరు చెప్పుకునే ప్రభుత్వం కూడా మనుషులను అణచగలదన్నది. కాదనను. కేరళలో జెహోవా సాక్షులు అనే క్రైస్తవ శాఖ కుటుంబానికి చెందిన ముగ్గురు పిల్లలు జాతీయగీతం వేళ గౌరవంగా నిలబడి, పాడకుండా ఊరుకున్నందుకు బడి నుంచి వెళ్లగొడితే, 1986లో వారిని తిరిగి చేర్చుకొమ్మని తీర్పు రాసినవారు సుప్రీంకోర్టు న్యాయమూర్తి, మన చిన్నప్పరెడ్డిగారు. అక్కడ నేను నిస్సంకోచంగా నీ పక్షం. కానీ గమనించు, అక్కడ గెలిచింది సమూహపు పెత్తనం కాదు, పిల్లల అంతరాత్మ. ఆ అంతరాత్మ పిల్లలదా, తల్లిదండ్రులదా అని నువ్వు అడిగితే మాత్రం నాకు కొంత తడబాటే.

గోరాగారిని కూడా లాగావు గనుక ఒక మాట. పటమటలోని నాస్తిక కేంద్రం తరఫున ఆయన 1972లో గొడ్డుమాంసం, పందిమాంసం కలిపి వడ్డించిన విందును నువ్వు ఉదారవాదుల దౌర్జన్యానికి నమూనాగా చూపావు. అది అన్యాయం, ఆ విందుకు వెళ్లినవారు ఇష్టపడే వెళ్లారు. నాకు ఆయన సాహసం నచ్చుతుంది, పద్ధతి అంత నచ్చదు. అందరూ ఒకే పంక్తిలో అన్నీ తింటేనే కలిసి బతకగలమనుకుంటే ఇక బహుళత్వంతో పనేముంది? మా అమ్మ తన జన్మలో చేప ముట్టనక్కరలేదు. ఆమె ఇంటి మేడమీద ఇంకొకరు చేపలపులుసు కాచుకుంటే చాలు.

ఆ మాటే ఆమెతో అన్నాను. రెండు రోజులు మాట్లాడలేదు. మూడోనాడు ఆమే అట్టముక్క తీసి నా బల్లమీద పెట్టి, ఒక్క షరతు చెప్పింది: నీచు గిన్నెలు పెరట్లో తులసికోట పక్కనున్న కుళాయి కింద కడగకూడదని. ఒప్పుకున్నాను. తెనాలి నుంచి బదిలీ మీద వచ్చిన ఒక కుటుంబం క్రిందటి ఆదివారం దిగింది, వాళ్లూ ఒప్పుకున్నారు. కానీ మా ఇంటి సంగతి నీకు తెలుసు కదా, ఏప్రిల్ వచ్చేసరికి మేడమీదికి నీళ్లు ఎక్కవు, అందరూ ఆ పెరటి కుళాయి దగ్గరికే రావలసి ఉంటుంది. అప్పటికి నువ్వు సెలవులకు వస్తావు గనుక, రెండో కుళాయి వేయించే ఖర్చులో సగం నీ బహుళత్వం భరించాలని నా అభ్యర్థన.

ఇట్లు,
నీ మిత్రుడు