మిషన్‌లో ఏ నీళ్లు పోయాలిరా అని అడిగావు కదా

హనుమకొండ,
ఆదివారం రాత్రి

ఒరేయ్ శీనూ,

మొన్న ఫోన్‌లో "పాప గదికి గాలిలో తేమ పెంచే హ్యుమిడిఫైయర్ కొన్నాను, అందులో ఏ నీళ్లు పోయాలిరా?" అని నువ్వు అడిగితే నాకు నవ్వాగలేదు. నిన్ను చూసి కాదులే, నన్ను నేను తలుచుకుని. డిసెంబర్లో ఆ ఒక్క ప్రశ్న ఎవరినీ అడక్కుండా మిషన్ ఆన్ చేసి, పక్కింటాయనతో గొడవ తెచ్చుకున్నాను. ఆ కథ ఫోన్‌లో సరిగ్గా కుదరదని కాగితం తీశాను.

చలి మొదలవగానే మా చిన్నోడికి రాత్రిళ్లు ముక్కు ఎండిపోయేది. పొద్దున లేచేసరికి దిండు మీద రెండు నెత్తురు చుక్కలు. డాక్టర్ చూసి, భయం లేదు, గాలి పొడిగా ఉంది, గదిలో కాస్త తేమ ఉండేలా చూడండి అన్నాడు. ఆ సాయంత్రమే మిషన్ కొనుక్కొచ్చాను. అల్ట్రాసోనిక్ రకం. వేడి ఉండదు, చప్పుడు ఉండదు, చల్లటి మంచులాగా వస్తుంది. రాత్రికి రెండున్నర లీటర్లు తాగుతుంది. మనం తాగేవి కావు కదా, మంచినీళ్లెందుకు దండగ అని బోరు నీళ్లు పట్టి నింపేశాను.

నాలుగో రోజుకు టీవీ మీద, బీరువా మీద సన్నటి తెల్ల పొడి. తుడిస్తే తెల్లారేసరికి మళ్లీ అంతే. అప్పుడు పక్కింట్లో గ్రానైట్ బండలు కోస్తున్నారు. ఇంకేముంది, దొంగ దొరికాడనుకున్నా. పోయి కొంచెం గట్టిగానే మాట్లాడాను. ఆయన పాపం ఏమీ అనకుండా కిటికీలకు పరదాలు కట్టించాడు. పొడి ఆగలేదు. క్రిస్మస్‌కు పనివాళ్లు ఊరికి పోయి కోత ఆగింది, అయినా పొడి ఆగలేదు! చివరికి మా అమ్మ మిషన్ పెట్టిన స్టూల్ మీద వేలితో గీసి చూసి, "ఇది మన కూలర్ గడ్డికి పట్టే సుద్దే కదరా" అంది.

అమ్మ అన్న ఆ ముక్కలోనే అంతా ఉంది, చూడు. కూలర్లో నీళ్లు తడిగడ్డి మీద నుంచి ఆవిరైపోతాయి, వాటిలోని ఉప్పులు గడ్డికే అంటుకుని ఉండిపోతాయి. ఎండాకాలం అయిపోయాక గడ్డి తీస్తే అట్టలాగా గట్టిపడి ఉంటుందే, అదే. ఈ మిషన్ అలా కాదు. అడుగున ఒక చిన్న బిళ్ల సెకనుకు లక్షల సార్లు అదురుతూ నీళ్లను సన్నటి తుంపరగా గాలిలోకి విసురుతుంది. తుంపరతోపాటు నీళ్లలో ఉన్నదంతా బయటికి వస్తుంది. నీరు ఆరిపోతుంది, కాల్షియం, మెగ్నీషియం పొడిగా మిగులుతాయి. టీవీ మీద పడేది మనకు కనిపిస్తుంది, పిల్లాడి ఊపిరిలోకి పోయేది కనిపించదు.

తర్వాత టీడీఎస్ మీటరు, అంటే నీళ్లలో కరిగిన ఉప్పులు ఎంతున్నాయో చూపేది, ఒకటి కొన్నాను. పెన్నులాగా ఉంటుంది, నీళ్లలో ముంచితే అంకె చూపిస్తుంది. మా బోరు 680, నల్లా 240, ఉప్పులు వడకట్టే ఆర్వో ఫిల్టర్ నీళ్లు 45. లీటరుకు 680 మిల్లీగ్రాములంటే రెండున్నర లీటర్లకు 1.7 గ్రాములు. పదిహేను రాత్రులకు పాతిక గ్రాములు. మూసిన గదిలో పిల్లాడి పక్కన నేనే సుద్ద చల్లానురా! తాగే నీళ్లకు 500 దాకా మంచిదని, వేరే దిక్కు లేకపోతే 2000 దాకా సరేనని మన దేశ ప్రమాణాల సంస్థ బీఐఎస్ పెట్టిన ప్రమాణం. కానీ ఆ లెక్క కడుపుకు, ఊపిరితిత్తులకు కాదు.

ఇక నీ ప్రశ్న. ఆర్వో నీళ్లు పోయి. అంతే. డిస్టిల్డ్ వాటర్ అంతకంటే మంచిదే, కానీ రోజూ రెండు మూడు లీటర్లు కొనాలంటే మనవల్ల అయ్యే పనేనా? అన్నట్టు, ఆర్వో పక్క పైపులో వదిలేసే నీళ్లు వృథా పోతున్నాయని అవి పట్టి పోస్తావేమో, నీ పిసినారితనం నాకు తెలుసు. వడకట్టిన ఉప్పంతా చేరేది వాటిలోనే. మీ ఆర్వో నీళ్లు కొలిస్తే 150, 200 వస్తే మెకానిక్‌ను పిలువు. రుచి కోసం మామూలు నీళ్లు కలిపే వాల్వు ఒకటి ఉంటుంది, అది ఎక్కువ తిప్పి ఉంటాడు.

అత్తమ్మ కాచి చల్లార్చి పొయ్యమంటోందన్నావు. కాస్తే క్రిములు చస్తాయి, ఉప్పులు పోవు. కొంత సున్నం గిన్నె అడుగున పడుతుంది కానీ, నీళ్లు ఇంకిన కొద్దీ మిగతాది ఇంకా చిక్కబడుతుంది. ఏసీ నీళ్ల సంగతి కూడా అడిగావు. నిజమే, వాటిలో ఉప్పులు దాదాపు ఉండవు. కానీ ఆ నీళ్లు దుమ్ము, బూజు పట్టిన కాయిల్ మీద నుంచి జారి, పాచి పైపులోంచి వస్తాయి. మొక్కలకు పోసుకో. ఇన్వర్టర్ బ్యాటరీ నీళ్లు కూడా అడిగి చూశాను. షాపతను నా మొహం చూసి, "అన్నా, ఇది బ్యాటరీకి పోసేది, పిల్లలకు కాదు" అన్నాడు. నేను సిగ్గుపడి వచ్చేశాను.

మీ వదిన దగ్గరున్న స్టీమర్ వేరే జాతి. నీళ్లలో రెండు రేకులు మునిగి ఉండే రకమైతే కరెంటు నీళ్లలోంచే పారాలి, డిస్టిల్డ్ వాటర్ పోస్తే అది మరగనే మరగదు. అందుకే దానిలో చిటికెడు ఉప్పు వెయ్యమంటారు. అది చూసి నీ మిషన్‌లో ఉప్పు వేసేవు!

ఒక మాట మాత్రం గట్టిగా చెప్తున్నా. ఆర్వోలో క్లోరిన్ కూడా పోతుంది కాబట్టి ఆ నీళ్లు నిలవ ఉంటే తొందరగా పాచి పడతాయి, ఈ మిషన్ ఆ పాచిని కూడా అలాగే విసురుతుంది. పొద్దున్నే మిగిలినవి పారబోసి, తుడిచి, ట్యాంకు బోర్లించు. మూడు రోజులకోసారి నిమ్మ ఉప్పు కలిపిన నీళ్లతో కడిగి, రెండుసార్లు తొలుచు. క్రిములు చావాలని డెట్టాల్ లాంటివి ఆ నీళ్లలో కలపకు. దక్షిణ కొరియాలో హ్యుమిడిఫైయర్ నీళ్లలో కలిపే మందునే బజార్లో అమ్మారు. దానివల్ల పిల్లలు, గర్భిణులు ఊపిరితిత్తులు పాడై చనిపోయారని 2011లో బయటపడింది. నీలగిరి తైలం కూడా వద్దు, ట్యాంకు ప్లాస్టిక్ పగులుతుంది.

గదిలో తేమ 40, 50 శాతం ఉంటే చాలు. 60 దాటితే గోడలకు బూజు. వానాకాలం ఎలాగూ అటక ఎక్కించేదే.

మా బామ్మర్ది శనివారం కరీంనగర్ వస్తున్నాడు, మీటరు అతని చేతికిస్తాను. మీ మానేరు డ్యాం నల్లా నీళ్లు, బోరు, ఆర్వో మూడూ కొలిచి అంకెలు చెప్పు. మీటరు తిరిగి పంపు, పోయినేడు పట్టుకుపోయిన నా డ్రిల్లింగ్ మిషన్ లాగా చెయ్యకు.

పక్కింటాయన సంగతా? సంక్రాంతికి సకినాల డబ్బా పట్టుకుని పోయి అంతా చెప్పాను. ఆయన ఒక సకినం కొరికి, "మంచిగున్నయి గానీ తమ్మీ, పరదాలకు ఎనిమిది వందలైనయి" అన్నాడు.

నీ,
రాజు